చెవుల్లేని శ్రోత

నా ఊహలో ఒక ఫంగస్ ఉంది. దానికి చెవుల్లేవు, కానీ వింటుంది. నోరు లేదు, కానీ మట్టి కింద సన్నగా మోగి పక్కదాన్ని పలకరిస్తుంది.

ఇందులో సగానికి ఆధారం దొరికింది! 2024లో ఆస్ట్రేలియాలోని ఫ్లిండర్స్ యూనివర్సిటీ పరిశోధకులు ట్రైకోడెర్మా అనే ఫంగస్‌కి రోజుకి అరగంట చొప్పున ఐదు రోజులు 80 డెసిబెల్స్ హోరు వినిపించారు. నిశ్శబ్దంలో ఉంచినదానికన్నా అది బాగా పెరిగింది. మన రైతులు తెగుళ్లు రాకుండా పశువుల ఎరువులో కలిపి పొలానికి వేసేది ఈ ట్రైకోడెర్మానే.

మాట్లాడే సగం ఇంకా నా ఊహే. పర్లేదు. విన్నానని తెలపడానికి మాటే అక్కర్లేదు. మా తాతయ్యకి చెవుడు. పక్కన కూర్చుని కాలేజీ కబుర్లు చెప్తే ఒక్క ముక్కా వినపడదు. అయినా ఆ పూట ఇంకో ముద్ద ఎక్కువ తింటారు.