టెంక ఉన్న పళ్ళు

పళ్ళ ధరల మీద వారం వారం నోట్ రాయడం నా ఉద్యోగం. చెర్రీ, పీచ్, ప్లమ్, ఆప్రికాట్ లాంటివాటిని కలిపి వ్యాపారంలో 'స్టోన్ ఫ్రూట్' అంటారు. మనకి టెంక, వాళ్ళకి రాయి. వృక్షశాస్త్రం ప్రకారం మామిడిదీ ఇదే రకం కాయ, కానీ ధరల పట్టికలో దాని అర వేరు. మాది చిత్తూరు పక్క తోతాపురి తోట కావడం వల్లనేమో, నాకు మాత్రం అవి ఎప్పుడూ కలిసిపోతుంటాయి.

చిలీ చెర్రీల సంగతే చూడండి. ఎగుమతయ్యే ప్రతి పది కిలోల్లో దాదాపు తొమ్మిది చైనాకే పోతాయి. అక్కడ కొత్త సంవత్సరానికి చుట్టాలింటికి వెళ్తే చెర్రీ పెట్టె పట్టుకెళ్ళడం మర్యాద. ఎర్రగా, గుండ్రంగా ఉంటాయి కాబట్టి శుభం. పెట్టె మీద కాయ సైజు జే, డబుల్ జే, ట్రిపుల్ జే అని వేస్తారు (మన చీరల అంచు లెక్క, చూడగానే ఇచ్చినవాళ్ళ స్థాయి తెలియాలి). పండగది చంద్రుడి లెక్క, ఏటా జరుగుతుంది. ముందుకు జరిగితే అమ్ముకునే రోజులు తగ్గుతాయి. అందుకే మూడు వారాల్లో పసిఫిక్ దాటించే 'చెర్రీ ఎక్స్‌ప్రెస్' ఓడలు.

2025లో పండగ జనవరి 29నే వచ్చేసింది. ఆ సీజన్లోనే పంట విరగకాసి, చిలీ ఎగుమతి 4 లక్షల చిల్లర టన్నుల నుంచి 6 లక్షలు దాటింది. ధర కూలింది. చాలదన్నట్టు మెర్స్క్ సాల్టోరో అనే ఓడ 1,300కి పైగా కంటైనర్ల చెర్రీలతో ఇంజను చెడి నడిసముద్రంలో ఆగిపోయింది. నాన్షా రేవు చేరేసరికి ఫిబ్రవరి సగం దాటింది. ఎవరికి కావాలి?

ఆ జూన్‌లో మా నాయన గుజ్జు ఫ్యాక్టరీ గేటు ముందు ట్రాక్టర్ మీద మూడు రాత్రులు పడుకున్నాడు. తోతాపురి ఎక్కువగా గుజ్జుకే పోతుంది, గుజ్జు విదేశాలకి. పోయినేటి సరుకే గోడౌన్లలో ఉందంటూ ఫ్యాక్టరీలు కొనడం తగ్గించాయి. ప్రభుత్వం కిలోకి 12 రూపాయలు ఖరారు చేసింది, ఫ్యాక్టరీ 8, సర్కారు 4. మేం పోయిన గేటు దగ్గర ఐదే అన్నారు. నాలుగు టన్నుల కాయ. మూడో రోజుకి అడుగు కాయ మెత్తబడి రసం కారుతోంది, ఈగలు. బేరమాడే బలం ఎక్కడిది?

చెర్రీ రైతుకీ మా నాయనకీ తేడా లేదని అనను. ఓడ సరుకుకి బీమా ఉంటుంది, కాగితాలుంటాయి, వాదించడానికి లాయర్లుంటారు. ట్రాక్టర్ లోడుకి ఉన్నదల్లా చేత్తో రాసిన టోకెన్.

"రేటు ఎప్పటికి లేస్తాది పాపా?" అని ఫోన్లో అడిగాడు. చిలీ గురించి రెండు పేజీలు రాశాను గానీ, ఆయనకి చెప్పడానికి ఒక్క వాక్యం దొరకలేదు. అమ్మ ఫోన్ లాక్కుని, "దానికేం తెలుసు, తిన్నావా అని అడగలేదు చూడు" అంది.

ఈ ఏడు నాయన ఎకరం తోతాపురి కొమ్మలు నరికించి బేనీషా అంటు కట్టించాడు. కోసుకుని తినే పండు, ఏ గేటు ముందూ నిలబడక్కర్లేదని ఆయన లెక్క. మూడేళ్ళ దాకా కాపుండదు. మోడుల మీద ప్లాస్టిక్ కాగితం చుట్టిన ఫొటో పంపాడు, కింద ఏమీ రాయలేదు.