రాసేదొకటి, పలికేదొకటి!

ఇంగ్లండులో చూడవలసిన వింతలు చాలా ఉన్నా, నాకు అన్నిటికన్నా వింతగా తోచినవి అక్కడి ఊళ్ళ పేర్లేనండీ. నేను చదివింది తెలుగు మీడియంలో ఇంటర్ వరకే. మా చెల్లెలి పురిటికని లెస్టర్ వెళ్ళి మూడు నెలలున్నాను. లండన్ నుంచి రైల్లో గంట పైచిలుకు ప్రయాణం. ఆ పేరును ఇంగ్లీషు అక్షరాల్లో చూస్తే 'లైసెస్టర్' అని చదవాలనిపిస్తుంది. పలకడం మాత్రం 'లెస్టర్'!

ఈ 'సెస్టర్' అనే తోక వెనుక కథ ఉంది. సుమారు రెండు వేల ఏళ్ళ కిందట రోమన్లు ఆ దేశాన్ని ఏలినప్పుడు సైన్యానికి కోటలు కట్టించారు. లాటిన్‌లో 'కాస్ట్రా' అంటే సైనిక శిబిరం. మనకు సామర్లకోట, రాయదుర్గం ఉన్నట్టే వాళ్ళకు ఈ సెస్టర్లూ, చెస్టర్లూ! గ్లాస్టర్, వుస్టర్, బిస్టర్‌లలో మధ్య అక్షరాలు మింగేస్తారు. అలాగని అన్నిటికీ ఇదే సూత్రం అనుకోకండి. సైరెన్‌సెస్టర్‌ను పూర్తిగానే పలుకుతారు.

వుస్టర్ అంటే గుర్తొచ్చింది. వుస్టర్‌షర్ సాస్ పుట్టింది ఆ ఊళ్ళోనే. లీ, పెరిన్స్ అనే ఇద్దరు మందుల షాపువాళ్ళు 1837లో అమ్మకం మొదలుపెట్టారు. అందులో వెనిగర్, ఉల్లి, వెల్లుల్లితో పాటు మన చింతపండూ ఉంటుంది! అయితే ఆంకోవీ అనే చిన్న చేపలు కూడా వేస్తారు. శాకాహారులు సీసా మీద చదివి మరీ కొనండి.

మన పిల్లలు పాఠాల్లో 'గ్రీన్‌విచ్' అని చదువుకునే ఊరు అక్కడ 'గ్రెనిచ్'. 1884లో ప్రపంచ రేఖాంశాలకు సున్నా గీతగా ఒప్పుకున్నది అక్కడి గీతనే. మన టైముకు లెక్క అయిన 82½ డిగ్రీల గీత కాకినాడ దగ్గరగా పోతుంది. అందుకే గ్రెనిచ్ టైముకు మనం అయిదున్నర గంటలు ముందుంటాం. నది పేరు థేమ్స్ కాదు, 'టెమ్స్'. స్కాట్లండు రాజధాని 'ఎడిన్‌బరా'.

చెల్లెలు ఆసుపత్రిలో ఉన్నప్పుడు రోజూ బస్సెక్కి వెళ్ళవలసింది నేనొక్కదాన్నే. మరిది గారిచేత వీధుల పేర్లు పలికించుకుని, చిన్న పుస్తకంలో తెలుగులో రాసుకున్నాను. ఊరి నడిబొడ్డున ఒక వీధిని 'బెల్వాయర్' అని రాసి 'బీవర్' అంటారు. ఫ్రెంచిలో 'అందమైన దృశ్యం' అని దాని అర్థం. నార్మన్లు తెచ్చిన ఆ ఫ్రెంచి మాట ఇంగ్లీషువాళ్ళకే నోరు తిరగక బీవర్ అయి కూర్చుంది!

కూతుళ్ళ పురుళ్ళకు వెళ్ళిన మన అమ్మలు చాలామంది, పలకడం రాదేమోనన్న బెరుకుతో ఆర్నెల్లూ నాలుగు గోడల మధ్యే ఉండిపోతున్నారు. మన మచిలీపట్నాన్ని 'మసులిపటం' అన్నవాళ్ళు సిగ్గుపడ్డారా ఏమిటి? మీరూ ఓ చిన్న పుస్తకం, పెన్సిలు సంచీలో వేసుకోండి. విన్న పేరు విన్నట్టు తెలుగులో రాసుకోండి. పలికినట్టే రాసుకునే వీలున్న లిపి మనది. ఆ తర్వాత ధైర్యంగా బస్సెక్కండి!