శాంట్రో పరిణామ కథ

సావనీరుకు వ్యాసం రాస్తానని యూనియన్ వారికి పేరిచ్చినప్పుడు, జువాలజీ విద్యార్థిని గనుక ఏ సీతాకోకచిలుక గురించో, ఏ శేషాచలం అడవుల్లోని బల్లి గురించో రాస్తాననుకొని ఉంటారు. నేను రాయబోయేది ఒక కారు గురించి. నవ్వుకునేవారు నవ్వుకోవచ్చు గాని, చివరిదాకా చదివిన తర్వాత నవ్వమని మనవి.

మాది పుత్తూరు పక్కన ఒక పల్లె. నాలుగెకరాల మామిడి తోపు, బోరు కింద కాస్త చెరకు, వానను నమ్ముకున్న చెనక్కాయ చేను. ఇంట్లో నాయన, అమ్మ, అవ్వ, తమ్ముడు, నేను. మా ఐదుగురినీ, అప్పుడప్పుడు ఎరువు మూటలనూ మోసే శాంట్రో ఒకటి.

పరిణామ సిద్ధాంతం చదివినవారికి గుర్రం కథ తెలుసు. కుక్కపిల్లంత జంతువు ఐదు కోట్ల సంవత్సరాలకు పైగా మారుతూ మారుతూ, కాలి వేళ్లు ఒక్కొక్కటే పోగొట్టుకొని, ఒంటి గిట్టతో పరుగెత్తే గుర్రమైంది. దారిలో ఎన్నో కొమ్మలు ఎండిపోయాయి. ఆ పటం చూసినప్పుడల్లా నాకు పుత్తూరులోని మెకానిక్ షెడ్డు గుర్తొస్తుంది. అక్కడ చింతచెట్టు కింద చక్రాలు లేని మారుతీ 800, దాని పక్కన తలుపు ఊడిన శాంట్రో, ఇవతల ఐ10, రోడ్డు వారగా తళతళలాడే స్విఫ్టు. మ్యూజియంలో శిలాజాలు పేర్చినట్టు వరసగా ఉంటాయి. కార్లకూ ఒక వంశవృక్షం ఉందని నాకు తోచింది అక్కడే.

ఈ వంశానికి మన దేశంలో మూలపురుషుడు మారుతీ 800. 1983 డిసెంబరు 14న నాటి ప్రధాని ఇందిరాగాంధీ మొదటి కారు తాళాలు అందజేశారు. 796 సీసీ ఇంజను, మూడు సిలిండర్లు, పన్నెండంగుళాల చక్రాలు. అంబాసిడర్, ఫియట్ తప్ప వేరే ఎరగని జనానికి అది ఆటబొమ్మలా కనిపించిందట. పదిహేనేళ్లపాటు చిన్న కారంటే అదే. 1993లో కార్ల తయారీకి లైసెన్సు నిబంధన ఎత్తేశాక పరదేశీ కంపెనీలు వరసగా దిగాయి. వాటిలో ఒకటి కొరియా దేశపు హ్యుందాయ్. 1996లో అది మన దేశంలో అడుగుపెట్టి, కర్మాగారం కట్టింది ఎక్కడో కాదు, మా రోడ్డు పోయే దిక్కునే. పుత్తూరు నుంచి నగరి, తిరుత్తణి దాటి చెన్నై వైపు పోతే, రామానుజులు పుట్టిన శ్రీపెరుంబుదూరు దగ్గర ఇరుంగాట్టుకోట్టై అనే ఊరు. అక్కడ తయారై 1998 సెప్టెంబరులో మార్కెట్లోకి వచ్చింది శాంట్రో. అంటే ఇది కొరియా బిడ్డే అయినా, పుట్టింది మాకు ఇరుగూ పొరుగులోనే.

మొదటి తరం శాంట్రోను చూసి చాలామంది పెదవి విరిచారని చెబుతారు. టోపీ పెట్టుకున్నట్టు ఎత్తైన పైకప్పు, కురచ ముక్కు. కంపెనీవారు దానికి 'టాల్ బాయ్' అని ముద్దుపేరు పెట్టి, షారుఖ్ ఖాన్ చేత ప్రకటనలు ఇప్పించారు. అయితే ఆ వికారమే దాని అదృష్టమైంది. పైకప్పు ఎత్తు గనుక సీటు కూడా ఎత్తులో అమర్చగలిగారు. మారుతీ 800లో ఎక్కాలంటే కుంగాలి, దిగాలంటే చేతులు ఊని లేవాలి. శాంట్రోలో కుర్చీలో కూర్చున్నట్టు కూర్చోవచ్చు. ఇంజను 999 సీసీ, నాలుగు సిలిండర్లు. కార్బురేటర్ బదులు పెట్రోలును కొలతగా చిమ్మే ఇంజెక్షన్ పద్ధతి. చలికాలం పొద్దున చోక్ లాగి బతిమాలే బాధ దాంతో పోయింది.

తర్వాత పవర్ స్టీరింగ్ తోడైంది, ఇంజను 1086 సీసీకి పెరిగింది. 2003లో ముఖం, తోక మార్చుకొని 'శాంట్రో జింగ్' పేరుతో వచ్చింది. 2007లో ఐ10 పుట్టాక అన్నదమ్ములిద్దరూ కొన్నాళ్లు పక్కపక్కనే బతికారు. 2014 చివర శాంట్రో తయారీ ఆగింది. అప్పటికి ఒక్క మన దేశంలోనే 13 లక్షలకు పైగా అమ్ముడయ్యాయి. ఇక ఆ జాతి అంతరించిందనుకున్నాం. కాని కోట్ల ఏళ్ల కిందట అంతరించిందనుకున్న సీలకాంత్ చేప 1938లో దక్షిణాఫ్రికా తీరాన ప్రాణాలతో వలలో పడినట్టు, 2018 అక్టోబరులో కొత్త శాంట్రో ప్రత్యక్షమైంది. పాత జింగ్ కన్నా సుమారు 12 సెంటీమీటర్లు వెడల్పు ఎక్కువ, 3 సెంటీమీటర్లు ఎత్తు తక్కువ. క్లచ్ తొక్కే పని లేని గేర్లు కూడా అందులో దొరికాయి. అయినా ఆ రెండో జన్మ నాలుగేళ్లే. 2022లో అదీ ఆగిపోయింది. ఐ10 కొమ్మ మాత్రం 2013లో గ్రాండ్ ఐ10గా, 2019లో నియోస్‌గా చిగురించింది.

కారు చరిత్ర ఎవరు రాసినా ఇక్కడే ఆపుతారు: ఇంత ఇంజను, ఇంత మైలేజీ, ఇంత ధర అని. మా పుత్తూరు వాళ్లకు ఇంకో లెక్క కూడా తెలుసు. అది ఎముకల లెక్క.

మా ఊరి పేరు చెప్పగానే దక్షిణాదిలో ఎవరైనా అడిగే మొదటి మాట 'పుత్తూరు కట్టు'. రాచపాళెంలో తరతరాలుగా విరిగిన ఎముకలకు ఆకుపసరు, కోడిగుడ్డు సొన, వెదురు దబ్బలు, గుడ్డలతో కట్టు కడతారు. నేను ఇంటర్ చదివేటప్పుడు మా అవ్వ కల్లంలో జారిపడి మణికట్టు విరగ్గొట్టుకుంది. శాంట్రో ముందు సీటులో కూర్చోబెట్టి తీసుకుపోయాం. "ఈ బండే మేలురా నాయనా, కుంగే పని ల్యా" అంది అవ్వ, అంత నొప్పిలోనూ. కంపెనీ ఇంజనీర్లు వినవలసిన మెప్పు అది.

వరసలో మా వంతు వచ్చేదాకా నేను చెట్టు కింద నిలబడి వచ్చే బండ్లను చూస్తూ ఉన్నాను. తమిళనాడు నంబర్లు, కర్ణాటక నంబర్లు, మన జిల్లా నంబర్లు. దిగేవాళ్లలో చెట్టు మీదినుంచి పడ్డవాళ్లున్నారు, మోటారు సైకిలు మీదినుంచి పడ్డవాళ్లున్నారు, కారు గుద్దుకొని కాలు విరిగినవాళ్లున్నారు. కార్లలో దెబ్బ తగిలి వచ్చినవాళ్లు చెప్పుకుంటుంటే చెవిన పడిన మాట ఒకటే: "బెల్టు పెట్టుకోలే." ఆ రోజు నుంచి కారును చూసే నా చూపు మారింది.

ఫిజిక్సు తెలిసిన మిత్రులు ఈ లెక్క సరిచూసుకోవచ్చు. గంటకు 50 కిలోమీటర్లంటే సెకనుకు దాదాపు 14 మీటర్లు. ఆ వేగంతో పోయి గోడను గుద్దడం, సుమారు 32 అడుగుల కొబ్బరిచెట్టు మీదినుంచి నేలమీద పడడంతో సమానం. చెట్టెక్కేవాడికి భయం ఉంటుంది. కారెక్కేవాడికి ఉండదు. గుద్దిన క్షణంలో బండి ఆగుతుంది గాని, బెల్టు లేని మనిషి అదే వేగంతో ముందుకు పోతూనే ఉంటాడు. ఎదురుగా ఉన్న డ్యాష్‌బోర్డు అతన్ని ఐదు సెంటీమీటర్లలో ఆపితే, భూమి లాగే బలానికి 200 రెట్ల తాకిడి శరీరం మీద పడుతుంది. అదే అరమీటరు దూరంలో ఆపగలిగితే 20 రెట్లే. కారు ముందు భాగం కావాలని నలిగిపోయేలా కట్టడం, బెల్టు, గాలి సంచి - ఇవన్నీ ఆ ఐదు సెంటీమీటర్లను అరమీటరు చేయడానికి మనిషి పడిన తిప్పలే. ముక్కు నలిగిన కారును చూసి "రేకు పల్చన" అని ఎగతాళి చేస్తాం. మనుషులు కూర్చునే గది చెక్కుచెదరకుండా ఉంటే, ముక్కు నలగడమే మంచిది.

ఈ దృష్టితో వంశవృక్షం మళ్లీ చూడండి. మారుతీ 800 వచ్చిన 1983 నుంచి మూడు దశాబ్దాలకు పైగా, మన చిన్న కార్లలో ఇంజను మారింది, అద్దాలు మారాయి, పాటలు వినిపించే పెట్టె మారింది. మనిషిని కాపాడే భాగం నత్తనడక నడిచింది. కొత్త మోడళ్లకు గుద్ది చూసే పరీక్ష తప్పనిసరి అయింది 2017 అక్టోబరులో. గట్టిగా బ్రేకు తొక్కినా చక్రాలు బిగుసుకోకుండా చూసే ఏబీఎస్ అన్ని కార్లకూ తప్పనిసరి అయింది 2019 ఏప్రిల్‌లో, డ్రైవరు ముందు ఎయిర్‌బ్యాగు 2019 జూలైలో. 2018 శాంట్రోలో ఈ రెండూ అన్ని రకాల్లోనూ ఇచ్చారు. అయినా 2019లో గ్లోబల్ ఎన్‌క్యాప్ సంస్థ గుద్ది చూస్తే ఐదింటికి రెండు నక్షత్రాలే దక్కాయి. మన దేశపు సొంత నక్షత్రాల పరీక్ష, భారత్ ఎన్‌క్యాప్, మొదలైంది 2023 అక్టోబరులో.

ఇప్పుడు మా బండి సంగతి. అది 2007 నాటి జింగ్. 2016లో మామిడి బాగా పండిన ఏడు, పుత్తూరులో ఒక మేష్టారి దగ్గర లక్షా ముప్పై వేలకు నాయన కొన్నాడు. 2022లో పుత్తూరు తిరుపతి జిల్లాలోకి వచ్చినా దాని నంబరు మాత్రం పాత చిత్తూరుదే, ఏపీ 03. మనిషికి వెన్ను చివర తోక ఎముక మిగిలినట్టు మిగిలిన అవశేషం. పదిహేనేళ్లు నిండితే రిజిస్ట్రేషను తిరిగి చేయించాలి. ఆ రుసుము 2022 ఏప్రిల్ నుంచి 5,000 రూపాయలైంది. టింకరింగు చేయించి, రంగు వేయించి, బ్రేకు ఇన్‌స్పెక్టరు ముందు నిలబెట్టి ఐదేళ్ల ఆయుష్షు పోయించాం. 2027తో ఆ గడువూ తీరుతుంది. దానికి ఏబీఎస్ లేదు, ఎయిర్‌బ్యాగు లేదు. ఆ బండితోనే నాకు పద్దెనిమిది నిండగానే నాయన మామిడి తోపులో క్లచ్ నేర్పించాడు.

2025లో మామిడి దిగుబడి అమ్మి, దీన్ని మార్చి కాస్త కొత్త బండి తేవాలని నాయన అనుకున్నాడు. ఆ ఏడు తోతాపురి ధర ఎట్లా పడిపోయిందో ఈ జిల్లాల పిల్లలకు చెప్పనక్కర్లేదు. కిలోకు ఫ్యాక్టరీలు 8, ప్రభుత్వం 4, మొత్తం 12 రూపాయలని ప్రకటన వచ్చింది. మేం తోలిన చోట చేతికొచ్చింది తక్కువ, వచ్చింది ఆలస్యం. ట్రాక్టరు వరసలో నిలబడితే నాయన రెండు రాత్రులు శాంట్రోలోనే పడుకున్నాడు. నేను క్యారియరు తీసుకుపోతే నవ్వి, "ఇది కారే కాదు పాపా, మంచం గూడా" అన్నాడు. కొత్త బండి మాట అంతటితో ముగిసింది.

అప్పుడు నాకు బోధపడింది. సెల్‌ఫోనయినా, ఫ్రిజ్జయినా, కారయినా మాలాంటి ఇళ్లకు పట్నంలో వాడి వదిలేశాకే వస్తుంది. భద్రత కూడా అంతే. ఈ రోజు షోరూములో ఉన్న ఎయిర్‌బ్యాగు మా పల్లెకు పదేళ్ల తర్వాత, మూడో చేతి మీదుగా వస్తుంది. ఈలోగా ఆ చెన్నై రోడ్డు మీద అదే లారీల మధ్య, అదే కొబ్బరిచెట్టు ఎత్తున మేమూ ప్రయాణం చేస్తూనే ఉంటాం.

అలాగని చేతులు ముడుచుకోలేదు. వెనక సీటు కవరు కింద పాతిపెట్టిన బెల్టులను నేనూ తమ్ముడూ బయటికి లాగి, కడిగి, తాళం సరిచేయించాం. అరిగిన టైర్లు రెండు మార్పించాం. రాత్రిపూట హైవే మీదికి వద్దన్నాను. నాయన మొదట ఒప్పుకోలేదు.

"మనం పోయేది నలభైలో గదా పాపా, ఏమైతాది?"

"మనం నలభైలో పోతే ఎదురొచ్చే లారీ నలభైలో రాదు గదా నాయనా!"

అవ్వ కట్టు కట్టించుకున్న చెయ్యి ఎత్తి, "పాప చెప్పేది వినరాదా" అంది. ఇప్పుడు అవ్వకు బెల్టు పెట్టనిదే బండి కదలదు.

2027లో మేం కొనబోయేది కూడా సెకండ్‌హ్యాండ్ బండే. అది శాంట్రో కావచ్చు, ఐ10 కావచ్చు, మరొకటి కావచ్చు. రంగు నాయన ఇష్టం, పాటల పెట్టె తమ్ముడి ఇష్టం. నా షరతు ఒక్కటే: 2019 జూలై తర్వాత తయారైనదై ఉండాలి. ఆర్సీలో ఆ నెల చూసిన తర్వాతే మైలేజీ గురించి మాట. పల్లెల నుంచి వచ్చిన నా తోటి విద్యార్థులు తమ ఇళ్లలోనూ ఈ మాట చెప్పి చూడాలని కోరిక.

గుర్రానికీ కారుకూ ఒక తేడా ఉంది. గుర్రం తన గిట్టను అడిగి తెచ్చుకోలేదు. కోట్ల ఏళ్లలో, లెక్కలేనన్ని చావుల మీదుగా, అది దానంతట అదే ఏర్పడింది. కారు అట్లా కాదు. దాన్ని గీసేవాడొకడున్నాడు, దానికి నిబంధన రాసేవాడొకడున్నాడు, కొనేవాడొకడున్నాడు. ముగ్గురికీ నోరుంది, చెవులున్నాయి. ఈ కళాశాల నుంచి రేపు కొందరు ఆ గీసేవాళ్లు, రాసేవాళ్లు అవుతారు, మిగిలినవాళ్లమంతా కొనేవాళ్లమే. అడిగితే వచ్చేదాని కోసం ఎముకలు విరిగేదాకా ఆగవలసిన పని లేదు.