చూయింగ్ గమ్ అమ్మిన పిల్ల

కొంచెం పెద్ద పోస్టు, ఓపిక ఉన్నప్పుడు చదవండి. సినిమాతో మొదలెడతాను గానీ చెప్పాల్సింది వేరే ఉంది.

మా రూమ్మేటుకి పాత కుంగ్‌ఫూ సినిమాల పిచ్చి. ఒక రాత్రి 1981 నాటి హాంకాంగ్ సినిమా ‘మై యంగ్ ఆంటీ’ పెట్టింది. చనిపోబోయే ముసలి ఆసామి, తన ఆస్తి దుర్మార్గుడైన తమ్ముడికి పోకూడదని పనిపిల్లని పెళ్లి చేసుకుంటాడు. ఇక ఆయన సోదరుడి కొడుకు, వయసులో ఈమెకంటే చాలా పెద్దవాడు, ఈ పిల్లని పిన్నీ అనాలి! మన ఊళ్లలోనూ ఉంటాయి కదా ఇలాంటి వరసలు, నేను ఎనిమిదో తరగతి చదివే పిల్లని అత్తా అంటాను. పడీపడీ నవ్వాం. కానీ ఆ నటి ఒంటికి అతుక్కున్న చీనా గౌనూ హైహీల్సూ వేసుకుని ఫైట్ చేస్తుంటే నవ్వాగిపోయింది.

ఆమె పేరు కారా హుయ్. కారా వాయ్ అని కూడా రాస్తారు. 1982లో హాంకాంగ్ ఫిల్మ్ అవార్డులు మొట్టమొదటిసారి ఇచ్చినప్పుడు ఉత్తమ నటి ఈమే, ఈ సినిమాకే. అప్పటికి ఇరవై రెండేళ్లు ఉంటాయేమో. ఫైట్ల సినిమాకి ఉత్తమ నటి అవార్డా అని ఆశ్చర్యపోయి ఆమె ఇంటర్వ్యూలు వెతికాను. అక్కడ దొరికింది నాకు కావలసింది.

ఆమె పుట్టింది 1960లో. ఉన్నవాళ్లే, కానీ ఆస్తంతా పోయి రోడ్డున పడ్డారు. వియత్నాం యుద్ధం రోజుల్లో అమెరికా ఓడలు హాంకాంగ్‌లో ఆగేవి. వాన్‌చాయ్ వీధుల్లో ఆ నావికుల వెంటపడి చూయింగ్ గమ్ అమ్మేది, అడుక్కునేది. ఒకటి రెండు రోజులు కాదు, చిన్నతనమంతా అదే. పద్నాలుగేళ్లకి నైట్‌క్లబ్బులో డాన్సు చేరింది. అక్కణ్ణించి లా కార్-లియుంగ్ అనే డైరెక్టర్ కంట్లో పడి, 1976లో ‘చాలెంజ్ ఆఫ్ ది మాస్టర్స్’తో షా బ్రదర్స్ సినిమాల్లోకి వచ్చింది. ఇదంతా పెద్ద స్టార్ అయ్యాక కూడా కెమెరా ముందు దాచకుండా చెప్పింది. అడుక్కున్నాను అనే మాట కూడా.

నేను దాచాను. అదీ సంగతి.

మా అమ్మ అరకు ఘాట్ రోడ్డు పక్కన సీతాఫలాలు, పనస తొనలు, కొండచీపుర్లు అమ్ముతుంది. చిన్నప్పుడు నేనూ బుట్ట పట్టుకుని కార్ల అద్దాల దగ్గరికి పరిగెత్తేదాన్ని. కొందరు కొనేవాళ్లు, కొందరు అద్దం ఎక్కించేసేవాళ్లు. వైజాగ్‌లో కాలేజీకి వచ్చాక ఎవరైనా అడిగితే ‘వ్యవసాయం’ అని ఊరుకునేదాన్ని. అబద్ధం కాదు, నిజమూ కాదు.

పోయినేడు క్లాసు వాళ్లమంతా అరకు టూర్ వెళ్లాం. బస్సు సరిగ్గా అమ్మ దగ్గరే ఆగింది. అందరూ దిగి కొన్నారు. నేను తలనొప్పి అని చున్నీ మొహం మీదికి లాక్కుని కిటికీకి ఆనుకుని పడుకున్నాను. అమ్మ గొంతు వినబడుతూనే ఉంది, ‘డజను యాభై బాబూ, తియ్యగుంటాయి’ అని. నా ఫ్రెండు తెచ్చిన పండు నా చేతిలో పెట్టింది. తినలేదు.

కారా హుయ్ దారి కూడా తిన్నగా సాగలేదు. 1984లో ‘ఎయిట్ డయాగ్రామ్ పోల్ ఫైటర్’, ఆ తర్వాత షా బ్రదర్స్ సినిమాలు తీయడం ఆపేశారు. తొంభైల్లో అవకాశాలు తగ్గి, డిప్రెషన్‌తో ప్రాణం మీదికి తెచ్చుకుంది కూడా. తేరుకున్నాక చిన్నాపెద్దా అని చూడకుండా తల్లి పాత్రలు వేసింది. ‘ఎట్ ది ఎండ్ ఆఫ్ డేబ్రేక్’లో కొడుకు కోసం అల్లాడే తల్లిగా చేసి 2010లో మళ్లీ ఉత్తమ నటి. ఇరవై ఎనిమిదేళ్ల తర్వాత! అదే ఏడాది ‘ఎ ఫిస్ట్‌ఫుల్ ఆఫ్ స్టాన్సెస్’ అనే కుంగ్‌ఫూ సీరియల్లోనూ కనిపించింది. 2017లో ‘హ్యాపీనెస్’కి ముచ్చటగా మూడోసారి. నాకైతే ఫైట్ల కంటే ఈ తల్లి పాత్రలే నచ్చాయి. ఎందుకో మీకు అర్థమయ్యే ఉంటుంది.

మొన్న దసరా సెలవులకి ఇంటికెళ్లి, అమ్మ చీపుర్లు కడుతుంటే పక్కన కూచుని ఆ బస్సు సంగతి చెప్పేశాను. అమ్మ తలెత్తలేదు. ‘కిటికీలోంచి నీ చున్నీ చూశాన్లే. నేను కొన్నదే కదా’ అంది. కాసేపాగి, ‘మీ కాలేజీ పిల్లలు మంచోళ్లే, పెద్దగా బేరం ఆడలేదు’ అంది.

క్లాసులో వాళ్లకి మాత్రం ఇంకా చెప్పలేదు. ముందు మీకు చెబుతున్నాను.