కూర్పు

సినిమా మొదట్లో తెరమీద పేర్లు పడుతున్నప్పుడు మనం సీటు వెతుక్కుంటూ వుంటాం. హీరో పేరుకి ఈలలు, దర్శకుడి పేరుకి చప్పట్లు. మధ్యలో "కూర్పు" అంటూ ఒక పేరు వచ్చి పోతుంది. దానికి ఈల వేసినవాణ్ణి నేనింతవరకు చూళ్ళేదు.

ఆ పేర్లలో అక్కినేని శ్రీకర్ ప్రసాద్ అంటే నాకు అభిమానం. మన హైదరాబాదు కంటి ఆసుపత్రికి ఎవరి పేరు పెట్టారో ఆ ఎల్.వి. ప్రసాద్ గారికి తమ్ముడి కొడుకు. తండ్రి సంజీవి గారూ ఎడిటరే. కొడుకు మద్రాసులో సాహిత్యం చదివి కత్తెర పట్టాడు. 1989లో 'రాఖ్' అనే హిందీ చిత్రానికి మొదటి జాతీయ అవార్డు. ఇప్పటికి మొత్తం తొమ్మిది! 'ఆర్ ఆర్ ఆర్' (2022) కూర్పు కూడా ఆయనదే. హాల్లో ఎగిరి గంతులేసిన మనలో ఎందరికి తెలుసు? 'శంకరాభరణం' (1980) కూర్చిన జి.జి. కృష్ణారావు గారు 2023లో పోయారు. శంకరశాస్త్రినైతే అందరం ఎరుగుదుం.

రీళ్ళ రోజుల్లో సెకనుకి 24 బొమ్మలు, నిమిషానికి 90 అడుగుల ఫిల్ము. నిజంగానే కోసి అతికించేవారు. ఇప్పుడంతా కంప్యూటరే, అయినా ఏది వుంచాలో తేల్చేది మనిషే. చెడ్డ షాట్ ఎవరైనా తీసేస్తారు. ఎంతో కష్టపడి తీసిన మంచి షాట్‌ని, కథకి అడ్డమొస్తోందని తీసెయ్యాలంటే గుండె కావాలి.

డిగ్రీ అయ్యాక పూణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఎడిటింగ్ కోర్సుకి పరీక్ష రాయాలని నా కోరిక. ఇంట్లో అందరూ ఎమ్మెస్సీ అనుకుంటున్నారు. పోయిన నెల నాయిన బియ్యం తీసుకుని పురానాపూల్‌లో మా గదికి వచ్చాడు. సాయంత్రం 1578 నాటి ఆ పాత వంతెన మీద కూరగాయల గంపల మధ్య నడిచాం. టమాటా ధర అడగందే నాయినకి కాలు కదలదు. అక్కడే చెప్పాను.

"గా పనేంది బిడ్డా?"

వివరించాను. మంచివి కూడా తీసేస్తారనగానే ఆగాడు.

"మక్క చేన్ల జంట మొలకలు పీకినట్టా?"

మేం గుంతకి రెండు గింజలు వేస్తాం. రెండూ మొలిస్తే ఒకటి పీకాలి. పీకేది చచ్చుది కాదు, పచ్చగా కళకళలాడేదే. చిన్నప్పుడు నాకు చేతులు వచ్చేవి కావు. నాయిన సాలు చివరిదాకా వంగి పీకుతూనే పోయేవాడు.

"అదే నాయినా, అచ్చం అదే."

"జీతమిస్తరా?"

"ఇస్తరు."

"ఫీజెంత?"

చెప్పాను. సంచి ఈ చేతినుంచి ఆ చేతికి మార్చుకున్నాడు. పత్తి పైసలు వచ్చేదాకా ఈ ముచ్చట అమ్మ దగ్గర ఎత్తొద్దన్నాడు. ఫారం నింపి పెట్టుకున్నాను. ఇంకా పంపలేదు.