పెళ్ళి క్యాసెట్ ఉన్నవాళ్ళు ఇది చదవండి

ఈ రోజు పంట సంగతి కాదు. మీ బీరువాలో పాత పెళ్ళి క్యాసెట్ ఉంటే చివరిదాకా చదవండి. నాకు జరిగిన నష్టం మీకు జరక్కూడదు.

1997లో మా చెల్లి పెళ్ళికి వీడియో తీయించాం. మూడు గంటల వీహెచ్ఎస్ క్యాసెట్. మా అయ్య ఫోటోల్లో ఎప్పుడూ బిగుసుకుపోయి ఉంటాడు. ఆయన నవ్వింది ఒక్క ఆ వీడియోలోనే, ఎదురుకోలులో పన్నీరు చల్లుతున్నప్పుడు. 2003లో పోయాడు.

పోయినేడు ఒక షాపులో ఆ క్యాసెట్‌ని కంప్యూటర్లోకి ఎక్కించాను. గంటకు 13 జీబీ లెక్కన 39 జీబీ అయింది. ఫోన్లో ఎక్కడ పడుతుంది? మావాడు ఫోన్లో చెబుతుంటే హ్యాండ్‌బ్రేక్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌తో నేనే కుదించాను. 2013లో వచ్చిన హెచ్.265 పద్ధతి అది. కదలని పందిరిని ఒకసారి గుర్తుపెట్టుకుని, కదిలే మనుషుల్నే కొత్తగా రాసుకుంటుంది. పాత హెచ్.264తో పోలిస్తే దాదాపు సగం సైజులోనే అదే నాణ్యత ఇస్తుంది.

నేను చేసిన తప్పు ఏటంటే, ఆశకి పోయి నాణ్యత అంకె 32 పెట్టాను. అక్కడ అంకె పెరిగేకొద్దీ బొమ్మ పాడవుద్ది. 39 జీబీ కాస్తా 400 ఎంబీ అయింది. సంబరపడి పెద్ద ఫైలు చెరిపేశాను.

అమ్మకి చూపించాను. కాసేపు చూసి, "మొహం అలికేసినట్టుందిరా, ఈయన మీ అయ్యేనా?" అంది.

మళ్ళీ క్యాసెట్ పట్టుకెళ్ళాను. మన తగరపువలసలో సముద్రపు చెమ్మ తెలిసిందే కదా, టేపుకి తెల్లగా బూజు పట్టేసింది. మొదటి ఇరవై నిమిషాలు ఈసారి రాలేదు. ఎదురుకోలు అందులోనే ఉంది. షాపువాళ్ళ తప్పు కాదు, నాదే.

మిగతాది సరిగ్గా చేశాను. అంకె 20, వేగం 'స్లో', పాత టేపుల్లో వచ్చే అడ్డగీతలు పోవడానికి 'డీఇంటర్‌లేస్'. రాత్రంతా నడిచింది, 2 జీబీ అయింది. చెల్లి చెవి దుద్దు మెరుపు కూడా కనబడుతోంది. టేపులో ఉండే చుక్కలు, గరుకు కూడా కదలికలాగే లెక్కకొస్తాయి గనక పాత వీడియోని మరీ పిండకూడదని అప్పుడు తెలిసింది.

గోగు ఊరబెట్టిన వాళ్ళకి చెప్పక్కర్లేదు. తక్కువ ఊరితే నార ఊడదు, ఎక్కువ ఊరితే కుళ్ళిపోద్ది. ఇదీ అంతే. ముందు ఐదు నిమిషాల ముక్క కుదించి, పెద్ద టీవీలో మొహాలు చూసుకోండి. మీ టీవీ హెచ్.265 ఆడిస్తుందో లేదో కూడా అప్పుడే తెలుస్తుంది. కుదించినదాన్ని మళ్ళీ కుదించొద్దు. వాట్సాప్‌లో వీడియోగా పంపితే అది ఇంకా పిండేస్తుంది, డాక్యుమెంట్‌గా పంపండి.

అన్నిటికన్నా ముఖ్యం, అసలు ఫైలు చెరపొద్దు. ఆడించిన బియ్యం మళ్ళీ విత్తనం అవుద్దా? రెండు హార్డ్ డిస్కుల్లో పెట్టి, ఒకటి చుట్టాలింట్లో ఉంచండి.

వీసీఆర్‌లు చేసే చివరి కంపెనీ, జపాన్ వాళ్ళ ఫునాయ్, 2016లోనే ఆపేసింది. ఇంకో వానాకాలం రాకముందే క్యాసెట్ బయటికి తీయండి.

ఆ 400 ఎంబీ ఫైలు మాత్రం చెరపలేదు. అమ్మ ఇప్పటికీ ఆ ఇరవై నిమిషాలే పెట్టమంటుంది. మొహం తెలియకపోయినా నడక తెలుస్తుందంట.