రాతి వాసాలు

జనవరి 9, 2024, మంగళవారం

పొద్దున్నే కామవరపుకోటలో టిఫిన్ చేసి షూటింగుకు జీలకర్రగూడెం చేరాం. గుంటుపల్లి బౌద్ధ గుహలు ఈ ఊరి కొండమీదే. గుండ్రటి చైత్యంలోకి అడుగుపెట్టి తలెత్తితే పైకప్పు నిండా వాసాలు! పూరింటి కప్పులోలా నడిమికి చేరుతున్నాయి. అన్నీ కొండను తొలిచి తీసినవే. క్రీ.పూ. 2వ శతాబ్దపు పని అంటారు. ఈ వాసాలు మోసే బరువేమీ లేదు. అయినా శిల్పి వాటిని వదల్లేదు. బీహార్‌లో బరాబర్ కొండల లోమశ ఋషి గుహ ద్వారానిదీ ఇదే తీరు. ఆనాటి కొయ్య కట్టడాలు ఎప్పుడో పోయాయి. వాటి రూపం ఇలాంటి రాళ్లలోనే దక్కింది. చూస్తుంటే ఒళ్లు పులకరించింది.

జనవరి 10, బుధవారం

గది అడ్డుకొలత సుమారు 18 అడుగులు. మధ్యలో స్తూపం, చుట్టూ మనిషి తిరిగేంత దారి. వైడ్ లెన్స్ వేస్తే ఇంత చిన్న గదీ పెద్ద మండపంలా కనిపిస్తుంది. అది అబద్ధం. 35 ఎంఎం లెన్స్‌తో కెమెరాను గుమ్మం దగ్గరే నిలిపాను. లైట్లు పెట్టలేదు. బయట థర్మాకోల్ షీటు పట్టి ఎండను లోపలికి మళ్లించాం.

ఊళ్లోవాళ్లకు ఈ స్తూపం ధర్మలింగేశ్వర స్వామి. దణ్ణం పెట్టుకోవడానికి వచ్చిన పెద్దాయనను ఒక ప్రదక్షిణ చేయమని అడిగాను.

“ఎలా నడవమంటావు బాబూ?”

“రోజూ ఎలా తిరుగుతారో అలాగే బాబాయ్‌గారూ.”

స్తూపం వెనక్కి వెళ్లి కనుమరుగయ్యారు. కాసేపు అడుగుల చప్పుడే. తర్వాత అవతలి పక్క నుంచి వచ్చారు. గది కొలతా, గుండ్రదనమూ ఆ ఒక్క షాట్‌లో తెలిసిపోయాయి.

జనవరి 12, శుక్రవారం

రాత్రి ‘దాసి’ మళ్లీ చూశాను. బి. నర్సింగరావు 1988లో తీసిన సినిమా. ఛాయాగ్రహణానికి అపూర్వ కిశోర్ బీర్‌కు జాతీయ అవార్డు వచ్చింది. పెళ్లి వీడియోలతో మొదలైన నాకు కట్టడాన్ని చూడటం నేర్పింది ఈ సినిమాయే. గడీలో దొరకెంత చోటు, దాసికెంత చోటు అన్నది ఆ కెమెరా చెబుతుంది. ఏ భవనం ముందు నిలబడ్డా నేను మొదట వెతికేది అదే.

ఇవాళ దారిలో పొగాకు బ్యారన్ చూశాను. లోపల వరసలు వరసలుగా వాసాలు. ఆకు కట్టిన కర్రలను వాటిమీద వేలాడదీసి, కింద గొట్టాల వేడితో క్యూరింగ్ చేస్తారు. ఈ వాసాలు నిజంగానే బరువు మోస్తాయి. ఈ బ్యారన్లకు పురావస్తు శాఖ బోర్డు ఉండదు. కట్టిన మేస్త్రీలు, మంట కాసే కూలీలు ఉండగానే వీటినీ తీయాలి. ఆకు ఎక్కించే రోజు రమ్మన్నారు రైతుగారు. నిర్మాత ఒప్పుకుంటే యూనిట్‌తో, లేదంటే నా కెమెరాతో ఒక్కణ్నే వస్తాను.